పాడి ఒక చోట, పంట ఒక చోట

(అల్ఫారెట్టాలో మన తెలుగువారి సాంస్కృతికోత్సవాల సందర్భంగా చేసిన ప్రసంగ పాఠం)



కూచిపూడి అయిపోయింది. భోజనాలు ఇంకా మొదలు కాలేదు. ఈ రెంటి మధ్యా ప్రసంగం చేయవలసి రావడం ఏ వక్తకైనా కత్తిమీద సామే. పైగా మేము ఎన్నుకున్న విషయం కోళ్ళ పెంట. భోజనాల ముందు ఇదేమి మాట అని కొందరు ముఖం చిట్లించవచ్చు. కాని ఆ భోజనంలో కోడికూర వుంది. దాని పక్కన గ్లాసులో మంచినీళ్ళు వున్నాయి. ఆ కూరకూ ఆ నీళ్ళకూ వున్న చుట్టరికమే నేటి మా ప్రసంగ విషయం. కనుక వడ్డనకు ముందు చెప్పుకోవడమే సబబు.

మేము శాస్త్రజ్ఞులం కాము, రైతులమూ కాము. మా తాతగారు బడిపంతులు, మా తండ్రిగారు బడిపంతులు, మేమూ అదే వృత్తిలో తల నెరిసినవాళ్ళం. ఇప్పుడు అరవై దాటిన వయస్సులో ఇక్కడి పిల్లలకు సాయంకాలపు తరగతిలో తెలుగు చెబుతున్నాం. అందుచేత మా తెలుగు కూడా సాయంకాలపు తరగతి తెలుగే. మాటకు అర్థం చెప్పి, ఉదాహరణ ఇచ్చి, తరువాతి మాటకు పోవడం మా అలవాటు. ఈ సభలో కూడా అదే పద్ధతిలో నడుస్తాం.

మొదటి మాట "పాడిపంటలు". మన భాషలో ఇది జంట పదం. దీవించేటప్పుడు "పాడిపంటలతో చల్లగా వుండండి" అంటారే గాని, పాడి ఒకరికి, పంట ఇంకొకరికి కోరరు. పశువు వున్న ఇంట పొలం వుంటుంది, పొలం వున్న ఇంట పశువు వుంటుంది అనే అనుభవం నుంచి ఆ మాట పుట్టింది. ఉత్తరాంధ్ర పల్లెల్లో పశువులను "సొమ్ములు" అంటారు. సొమ్ము అంటే ధనం గదా! పశువే ధనం అన్నమాట.

రెండవ మాట "పెంట". ఒకనాడు తరగతిలో "పంట" అనే మాట రాయమంటే ఒక పిల్లవాడు పొరపాటున "పెంట" అని రాశాడు. పక్క పిల్లలు నవ్వారు. ఎందుకు నవ్వుతున్నారంటే, అది తిట్టు గదండీ అన్నారు. వాళ్ళ తప్పు లేదు. ఇప్పుడు "అంతా పెంట చేశాడు" అంటే పని పాడు చేశాడని అర్థం. కాని పల్లెలో పెంట అంటే ఎరువు. ఇంటి వెనక పెంటకుప్ప ఎంత పెద్దదైతే ఆ రైతు అంత కలిగినవాడు. పెంట వుంటేనే పంట అనేవారు. ఆనాడు ఆస్తిగా వున్న మాట ఈనాడు తిట్టుగా ఎట్లా మారిందో తెలిస్తే, పెద్ద ఎత్తున సాగే పశుపోషణ వల్ల నేలకూ నీటికీ వచ్చిన చిక్కు సగం తెలిసినట్లే.

పాత పద్ధతిని ఒకసారి తలచుకుందాం. ఎద్దు పొలం దున్నింది. పొలంలో పండిన వరిగడ్డిని ఎద్దు తిన్నది. దాని పేడ పెంటకుప్పలో మాగి, వేసవిలో బండ్లమీద తిరిగి అదే పొలానికి వెళ్ళింది. సొంత పశువులు చాలనివారు గొర్రెల మందను పొలంలో పెట్టించుకునేవారు. కోతలైన తరువాత గొల్లలు, కురుమలు తమ మందలను రాత్రిళ్ళు చేలో నిలిపితే, రైతు వారికి ధాన్యం కొలిచి ఇచ్చేవాడు. గమనించండి, పెంటకు రైతు ఎదురు డబ్బిచ్చాడు. నేలలోంచి గింజతో పాటు వెళ్ళిపోయిన సారం చాలావరకు ఆ నేలకే తిరిగి వచ్చేది. లెక్క సరిపోయేది. ఆ కాలంలో కరువులు లేవనీ, అందరూ సుఖపడ్డారనీ మేము అనడం లేదు. పాలు, గుడ్లు, మాంసం బీదవాడికి అందని రోజులవి. పెంట మాత్రం ఎవరికీ బరువు కాలేదు.

ఇక మన ఊరికి వద్దాం. ఇక్కడికి ఈశాన్యంగా సుమారు 35 మైళ్ళ దూరంలో గెయిన్స్‌విల్ పట్టణం వుంది. తమది ప్రపంచ కోళ్ళ రాజధాని అని ఆ ఊరివారు చెప్పుకుంటారు. ఊళ్ళో కోడికి స్మారక స్తంభం కూడా వుంది. వేయించిన కోడిని ఫోర్కుతో తినరాదు, చేత్తోనే తినాలి అని 1961 లో ప్రచారం కోసం సరదాగా ఒక శాసనం చేశారు. ఆ శాసనం కింద మన తెలుగువారిని పట్టుకోవడం మాత్రం ఎవరి తరమూ కాదు!

ఈ రాజధానికి పునాది వేసినవారు జెస్సీ జ్యువెల్. 1930లలో, ఆర్థిక మాంద్యం కాలంలో, ఆయన కుటుంబానికి దాణా వ్యాపారం వుండేది. ఉత్తర జార్జియా ఎర్రనేల పత్తి వేసి వేసి సారం కోల్పోయింది. పైమట్టి వానలకు కొట్టుకుపోయింది. రైతు దగ్గర దాణా కొనే డబ్బు లేదు. అప్పుడు జ్యువెల్ గారు కోడిపిల్లలను, దాణాను అప్పుమీద ఇచ్చి, పెరిగిన కోళ్ళను తానే తీసుకునే ఏర్పాటు చేశారు. తరువాత పొదిగే కేంద్రం, దాణా మిల్లు, కోళ్ళను శుభ్రం చేసే ఫ్యాక్టరీ అన్నీ ఒక గొడుగు కిందికి వచ్చాయి. ఈనాడు అమెరికాలో బ్రాయిలర్ కోళ్ళ ఉత్పత్తిలో జార్జియాది అగ్రస్థానం. ఏటా సుమారు 130 కోట్ల కోళ్ళు ఈ రాష్ట్రంలో పెరుగుతున్నాయి. మనలో చాలామంది ఇళ్ళు కట్టుకున్న ఫోర్సైత్ కౌంటీలో కూడా ఒకప్పుడు ఇళ్ళకు బదులు కోళ్ళ షెడ్లు వుండేవి.

ఈ పద్ధతి చేసిన మేలును కాదనకూడదు. పత్తి పోయి దిక్కుతోచని రైతుకు బతుకు దొరికింది. బీదవాని కంచంలోకి మాంసం వచ్చింది. షెడ్లలో నేలమీద పరచిన రంపపుపొట్టు, కోళ్ళ రెట్ట కలిసిన ఎరువును చల్లితే, గొడ్డుపోయిన ఎర్రనేల మీద పచ్చగడ్డి మొలిచింది. ఆ గడ్డిమీద ఆవులు పెరిగాయి. మొదట్లో ఇది కూడా పాడిపంటల జంటగానే కనిపించింది.

కాని ఒక తేడా వుంది. ఆ కోళ్ళు తినే మొక్కజొన్న, సోయా ఉత్తర జార్జియాలో పండినవి కావు. చాలావరకు వందల మైళ్ళ దూరంలో మధ్య పశ్చిమ రాష్ట్రాలలో పండి రైళ్ళమీద వస్తాయి. ఆ మొక్కజొన్నకు వేసే భాస్వరపు ఎరువులో చాలా భాగం ఫ్లోరిడా గనులలో తవ్విన రాయి నుంచి వస్తుంది. కనుక ఆ భాస్వరం ప్రయాణం చూడండి. ఫ్లోరిడా గనిలోంచి ఇల్లినాయి పొలానికి, పొలంలోంచి గింజకు, గింజతో రైలెక్కి గెయిన్స్‌విల్ దాణా మిల్లుకు, మిల్లు నుంచి కోడి కడుపుకు, కోడి నుంచి షెడ్డు నేలకు. ఇంతవరకు వచ్చింది. మరి తిరుగు ప్రయాణం? ఎరువు బరువు ఎక్కువ, ధర తక్కువ. దానిని ఇల్లినాయి దాకా తీసుకుపోయే రైలు ఎవరూ వేయలేదు. కాబట్టి అది దగ్గరలో వున్న పచ్చిక బయళ్ళలోనే దిగిపోతుంది. పంట ఒక చోట, పాడి ఒక చోట అయిపోయాయి. మేము చెప్పదలచిన సంగతి మొత్తం ఇంతే. మిగిలిందంతా దీని వివరణ.

జార్జియాలో ఏటా సుమారు 20 లక్షల టన్నుల కోళ్ళ ఎరువు తయారవుతుంది. ఇందులో నత్రజని, భాస్వరం ఇంచుమించు సమానంగా వుంటాయి. గడ్డి మాత్రం నత్రజనిని నాలుగు పాళ్ళు తింటే భాస్వరాన్ని ఒక పాలే తింటుంది. నాలుగు ముద్దల అన్నానికి ఒక ముద్ద పప్పు చాలినవాడికి ప్రతి ముద్ద అన్నంతోనూ ఒక ముద్ద పప్పు వడ్డిస్తే ఏమవుతుంది? విస్తట్లో పప్పు మిగిలిపోతుంది. గడ్డికి కావలసిన నత్రజనిని చూసుకుని ఎరువు చల్లితే, ఏటేటా భాస్వరం అట్లాగే నేలలో మిగిలిపోతుంది. నత్రజనిలాగా అది గాలిలోకి పోదు. మట్టి రేణువులను పట్టుకుని కూర్చుంటుంది. నేల పట్టుకోగలిగినంతా పట్టుకుని ఇక చాలన్న రోజున, వాననీటితో వాగులోకి దిగుతుంది.

వాగులో దిగితే ఏమవుతుంది అని తరగతిలో పిల్లలు అడిగినప్పుడు, కెనడాలో జరిగిన ఒక ప్రయోగం చెబుతూ వుంటాం. 1973 లో ఒంటారియోలో, 226 వ నంబరు సరస్సు అనే చిన్న సరస్సు నడుమ డేవిడ్ షిండ్లర్ గారి బృందం ఒక తెర కట్టింది. ఒక వైపు నీటిలో కర్బనం, నత్రజని కలిపారు. రెండవ వైపు ఆ రెంటితో పాటు భాస్వరం కూడా కలిపారు. భాస్వరం కలిపిన వైపు నీరు పచ్చగా నాచుపట్టిపోయింది. రెండో వైపు తేటగానే వుంది. విమానం మీద నుంచి తీసిన ఆ ఫోటో చూస్తే చిన్నపిల్లలకు కూడా పాఠం అర్థమవుతుంది. నాచు పెరిగి, చచ్చి, కుళ్ళేటప్పుడు నీటిలోని ప్రాణవాయువును తినేస్తుంది. చేపలు చస్తాయి. కొన్ని రకాల నాచు విషం కూడా కక్కుతుంది.

ఇది మనకు దూరపు ముచ్చట కాదు. చట్టహూచీ నది ఉత్తరాన కొండలలో పుట్టి, గెయిన్స్‌విల్ పక్కనున్న లేనియర్ సరస్సులో చేరుతుంది. 1950లలో కట్టిన బ్యూఫర్డ్ ఆనకట్టే ఆ సరస్సుకు గట్టు. ఆనకట్ట దాటిన నది మన వైపు వస్తుంది. మన అల్ఫారెట్టా కుళాయిల్లో వచ్చేది ఆ నది నీరే. ఇందాక మేము ఎగువన చూపిన కోళ్ళ రాజధానికి దిగువన కూర్చున్న వాళ్ళం మనం. లేనియర్ సరస్సులో నాచు పాలు ప్రమాణాన్ని మించిందని, ఏ వైపు నుంచి ఎంత పోషకం రావచ్చునో రాష్ట్ర పర్యావరణ శాఖ 2017 లో హద్దులు నిర్ణయించింది.

ఇక్కడ న్యాయంగా మాట్లాడాలి. ఆ సరస్సులోకి వచ్చే భాస్వరమంతా కోళ్ళది కాదు. సెప్టిక్ ట్యాంకులు, మురుగునీటి కేంద్రాలు, కొత్త కాలనీల కోసం తవ్విపోసిన మట్టి, ఇంటి ముందు పచ్చికకు చల్లే ఎరువులు, అన్నిటికీ వాటా వుంది. మన ఊరి నడుమ పారే బిగ్ క్రీక్ కూడా రాజ్‌వెల్ దగ్గర చట్టహూచీలోనే కలుస్తుంది. మనకు దిగువన ఇంకా ఎంతోమంది వున్నారు. ఎగువవాడిని వేలెత్తి చూపేవాడు తానూ ఎవరికో ఎగువవాడినని మరచిపోరాదు.

పట్టించుకోకపోతే ఏమవుతుందో చెప్పే రెండు సంగతులు మనవి చేస్తాం. 1995 జూన్ నెలలో ఉత్తర కెరొలైనాలో ఒక పందుల ఫారం వారి మురుగు చెరువు గట్టు తెగి, రెండున్నర కోట్ల గ్యాలన్ల మురుగు న్యూ రివర్ అనే నదిలో పడింది. చేపలు కుప్పలుగా చచ్చాయి. 1997 లో ఆ రాష్ట్రం కొత్త పందుల ఫారాలను నిలిపివేసింది. 1999 లో ఫ్లాయిడ్ తుఫాను వచ్చి చాలా మురుగు చెరువులను ముంచింది. 2018 లో ఫ్లోరెన్స్ తుఫానుకు మళ్ళీ అదే జరిగింది. రెండవది 2014 ఆగస్టులో ఒహాయోలోని టొలీడో నగరం కథ. ఈరీ సరస్సులో విషపు నాచు పెరిగి, సుమారు ఐదు లక్షల మందిని రెండు మూడు రోజులపాటు కుళాయి నీరు తాగవద్దన్నారు. కాచినా ఆ విషం పోదు. దాని వెనక పొలాల ఎరువులూ, పశువుల పేడా రెండూ వున్నాయి.

ఇక మన దేశం సంగతి. మన తెలుగువారికి కోళ్ళ పరిశ్రమ పరాయిది కాదు. 1971 లో హైదరాబాదులో వేంకటేశ్వర హాచరీస్ స్థాపించిన డాక్టర్ బి. వి. రావుగారిని దేశమంతా గౌరవిస్తుంది. దళారుల చేతిలో గుడ్డు ధర పడిపోయి రైతులు నష్టపోతున్న రోజులలో, ఆయన రైతులను కూడగట్టి 1982 లో జాతీయ గుడ్ల సమన్వయ సంఘాన్ని నిలబెట్టారు. నా గుడ్డు, నా ధర అని రైతు చెప్పగలిగాడు. తణుకు, అనపర్తి ప్రాంతాల గుడ్లు లారీలకెక్కి తూర్పు రాష్ట్రాలకు వెళ్ళడం మనలో చాలామంది చూసిందే. ఈ సభలో కూర్చున్నవారిలో ఎందరికో అక్కడ బంధువుల ఫారాలు వుంటాయి. అందుకే ఈ మాట తిట్టుగా కాక, ఇంటివారి మాటగా చెబుతున్నాం.

అక్కడ గుడ్ల కోళ్ళను ఎత్తుగా కట్టిన షెడ్లలో పంజరాలలో పెంచుతారు. రెట్ట కింద పడి కుప్పగా పేరుకుంటుంది. ఎండాకాలంలో ఎండిపోతుంది. వాన పడి తడిస్తే ఈగలు పుడతాయి. అన్నం కంచం మీద ముసిరిన ఈగలను చూసి ఫారం పక్క ఊరివారు గొడవకు దిగడం గోదావరి జిల్లాల్లోనూ, తెలంగాణలోనూ మామూలే. కాని ఇక్కడికీ అక్కడికీ ఒక మంచి తేడా వుంది. అక్కడ కోళ్ళ ఎరువుకు గిరాకీ వుంది. రైతులు లారీల లెక్కన కొంటారు. చేపల చెరువులవారు కూడా కొంటారు. పెంటకు ఇంకా ధర పలుకుతున్నది. ఐతే ఆ ధరలోనే ఒక చిక్కు దాగి వుంది. చేపల చెరువులలో ఎరువు ఎక్కువైతే, ఆ నీరు చివరకు కాలువల్లోకీ, కొల్లేటిలోకీ చేరుతుంది. కొల్లేరు 1999 లో అభయారణ్యమైంది. 2002 లో అంతర్జాతీయ ప్రాముఖ్యం గల రామ్‌సార్ జాబితాకెక్కింది. 2006 లో ప్రభుత్వం అక్రమ చేపల చెరువుల గట్లు కొట్టించింది. పెంట తిరిగి పంటకు పోతేనే లెక్క సరిపోతుందిగాని, సరస్సుకు పోతే సరిపోదు.

చట్టం కూడా కదిలింది. 2020 సెప్టెంబరులో జాతీయ హరిత ట్రిబ్యునల్ కోళ్ళ ఫారాల నియమాలను తిరిగి చూడమన్నది. ఆ తరువాత వచ్చిన కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి మార్గదర్శకాల ప్రకారం, 5,000 కోళ్ళు, ఆపైన వున్న ఫారాలు రాష్ట్ర మండలి అనుమతి తీసుకోవాలి, కొత్త ఫారం ఊరికి 500 మీటర్ల దూరంలో వుండాలి. 2025 ఫిబ్రవరిలో తణుకు మండలం వేల్పూరులోనూ, పెరవలి మండలం కానూరు అగ్రహారంలోనూ పక్షిజ్వరం బయటపడింది. అంతకు ముందు నెలలోనే ఇక్కడ జార్జియాలో ఎల్బర్ట్ కౌంటీ ఫారంలో అదే జబ్బు కనిపించింది. అక్కడా ఇక్కడా ఒకటే ప్రశ్న. వేలకు వేల కోళ్ళు ఒకేసారి పోతే ఎక్కడ పాతాలి, ఏ బావికి దగ్గర కాకుండా పాతాలి? వేలాది పక్షులను ఒక కప్పు కింద వుంచినప్పుడు పెంట ఒక్కటే కాదు, చావు కూడా పెద్ద ఎత్తునే వస్తుంది. దానికి చోటు ముందే చూసుకోవాలి.

సమస్యలు చెప్పడం సులువు, ఉపాయం చెప్పండి అని మీరు అడగవచ్చు. ఉపాయాలు వున్నాయి. వాటిని కోడి నోటి దగ్గర నుంచి ఏటి గట్టు దాకా వరసగా చెబుతాం.

మొదటిది దాణాలో. మొక్కజొన్న, సోయాలలోని భాస్వరంలో సుమారు మూడింట రెండు పాళ్ళు ఫైటేట్ అనే రూపంలో తాళం వేసినట్లు వుంటుంది. కోడికి ఆ తాళం తీయడం అంతగా రాదు. అందుకని విడిగా భాస్వరం కలిపి పెడతారు. తాళం వేసినదంతా రెట్టలో పోతుంది. ఫైటేజ్ అనే ఎంజైము ఆ తాళానికి చెవి. దానిని దాణాలో కలిపితే గింజలోని భాస్వరమే కోడికి అందుతుంది, విడిగా కలిపేది తగ్గించవచ్చు. 1990ల నుంచి ఇది వాడుకలో వుంది.

రెండవది షెడ్డులో. మన పల్లెల్లో బురదనీటిలో పటిక తిప్పి తేటపరచడం పెద్దలందరికీ తెలుసు. అదే పటిక కోవకు చెందిన పదార్థాన్ని షెడ్డులో పరచిన పొట్టుమీద చల్లితే, భాస్వరం నీటిలో కరగకుండా కట్టుపడుతుంది, కళ్ళు మండించే అమ్మోనియా వాయువు కూడా తగ్గుతుంది. ఆర్కన్సాలో అమెరికా వ్యవసాయ శాఖ శాస్త్రజ్ఞుడు ఫిలిప్ మూర్ గారు 1990లలో దీనిమీద విశేషంగా పనిచేశారు. అమ్మోనియా తగ్గితే కోడికీ మంచిదే, షెడ్డులో పనిచేసే మనిషికీ మంచిదే.

మూడవది కుప్ప దగ్గర. ఎరువుకు పైకప్పు వుండాలి. వాన తగలని ఎరువు వాగులోకి పోదు, ఈగలూ పుట్టవు. ఆవులు, పందుల విషయంలోనైతే మురుగు చెరువు మీద మూత వేసి మీథేన్ వాయువును పట్టి పొయ్యికో, కరెంటుకో వాడుకోవచ్చు. మనకు గోబర్ గ్యాస్ కొత్త కాదు గదా! ప్రపంచ ఆహార వ్యవసాయ సంస్థ 2023 లో వేసిన లెక్క ప్రకారం, మనుషుల వల్ల వాతావరణాన్ని వేడెక్కిస్తున్న వాయువులలో పశుపోషణ వాటా సుమారు 12 శాతం. ఆ వాటాలో మూత వేసి పట్టగలిగిన కొంతైనా పట్టాలి. ఐతే ఒక హెచ్చరిక. వాయువు తీసిన తరువాత కూడా భాస్వరం ఆ ముద్దలోనే వుంటుంది. గ్యాసు తీశాం, పని అయిపోయిందనడం సగం లెక్కే.

నాలుగవది పొలంలో. చల్లే ముందు భూసార పరీక్ష చేయించాలి. నేల చాలంటే ఆపాలి. వాన వచ్చే ముందురోజు చల్లకూడదు. ఏటి గట్టు వెంట చెట్లు, గడ్డి పట్టీగా వదలాలి.

ఐదవది, అన్నిటికంటె ముఖ్యమైనది, రవాణా. భాస్వరం ఎక్కువైన నేల నుంచి తక్కువైన నేలకు ఎరువు వెళ్ళాలి. దక్షిణ జార్జియా పత్తి చేలకు అది కావాలి. విడిపోయిన పాడినీ పంటనూ మళ్ళీ కలపడమంటే ఇదే. మొదటి నాలుగు ఉపాయాలు భాస్వరాన్ని కొంత తగ్గిస్తాయి, కొంత ఆపుతాయి. తిరుగు ప్రయాణం చేయించేది ఈ ఐదవదే.

ఆ లారీ కిరాయి ఎవరివ్వాలి? చిక్కంతా ఇక్కడే వుంది. ఇక్కడి ఒప్పందంలో కోడిపిల్ల కంపెనీది, దాణా కంపెనీది, పెరిగిన కోడి కంపెనీది. షెడ్డు రైతుది, షెడ్డు మీద అప్పు రైతుది, చచ్చిన కోడి రైతుది, పెంట రైతుది. లాభం వచ్చే వస్తువు ఒకరికి, బరువైన వస్తువు ఒకరికి. పెంటకు ధర వున్న ఏడాది రైతు సంతోషిస్తాడు, లేని ఏడాది దగ్గరి పచ్చికలో చల్లేస్తాడు. ఆయనను తప్పుపట్టి ప్రయోజనం లేదు. 2005 లో ఒక్లహోమా రాష్ట్రం ఇల్లినాయి నది కాలుష్యం గురించి పెద్ద కోళ్ళ కంపెనీల మీద దావా వేసింది. పెంట మాది కాదు, రైతుది అన్న వాదం అక్కడా వచ్చింది. 2023 జనవరిలో న్యాయమూర్తి గ్రెగరీ ఫ్రిజెల్ కంపెనీలదే బాధ్యత అని తేల్చారు. దావా నుంచి తీర్పుకు దాదాపు పద్ధెనిమిదేళ్ళు పట్టింది. దావా వేసిన రోజున పుట్టిన బిడ్డ కాలేజీకి వెళ్ళే వయస్సుకు వచ్చింది. నది అంతకాలం ఆగదు.

లెక్క రాయించి చూసిన దేశం కూడా వుంది. నెదర్లాండ్స్‌లో 1998 నుంచి కొన్నేళ్ళు రైతుల చేత ఖనిజాల ఖాతా రాయించారు. దాణాగా, ఎరువుగా ఎంత నత్రజని, భాస్వరం లోపలికి వచ్చిందీ, పాలుగా, మాంసంగా, గుడ్లుగా ఎంత బయటికి పోయిందీ రాయాలి. మిగిలిన దానిమీద, హద్దు దాటితే సుంకం కట్టాలి. ఐరోపా న్యాయస్థానం 2003 లో ఆ పద్ధతి అక్కడి నైట్రేట్ చట్టానికి సరిపోదన్నది. 2006 లో దాని స్థానంలో వేరే పద్ధతి వచ్చింది. ఆ దేశంలో తగవు ఇప్పటికీ తీరలేదు. అయినా రైతు తన వాకిట్లో మిగిలిన దానిని అంకెల్లో చూసుకోవడం మాత్రం గొప్ప చదువు. చిట్టా ఆవర్జా రాసే అలవాటున్న మన తెలుగు రైతుకు ఇది కష్టమైన విద్య కాదు. అక్కడ ఫారాలున్న మన బంధువులకు మనం చెప్పదగిన మొదటి మాట ఇదే: దాణా ఖాతా రాస్తున్నారు, గుడ్ల ఖాతా రాస్తున్నారు, పెంట ఎటు పోయిందో మూడో ఖాతా కూడా రాయండి. పక్క ఊరివారు ఈగల గొడవతో వచ్చినప్పుడు ఆ ఖాతాయే మీకు రక్ష.

ఇక్కడ మనం చేయగలిగింది? కొంత వుంది. మనలో చాలామందికి పెరట్లో గోంగూర, బీర, సొర వున్నాయి. బస్తాలకొద్దీ కోళ్ళ ఎరువు కొని వేసే ముందు కౌంటీ వ్యవసాయ విస్తరణ కార్యాలయంలో మట్టి పరీక్ష చేయించండి. జార్జియా విశ్వవిద్యాలయం వారు కొద్దిపాటి రుసుముతో ఆ పరీక్ష చేసిపెడతారు. ఇంటి ముందు పచ్చిక పచ్చగా వుండాలని లెక్క లేకుండా ఎరువు చల్లకండి. సెప్టిక్ ట్యాంకు వున్నవారు వేళకు శుభ్రం చేయించండి. నది గురించి, సరస్సు గురించి ప్రభుత్వం వారు ప్రజాభిప్రాయ సభ పెట్టినప్పుడు మన తెలుగువారు పది మందైనా వెళ్ళి కూర్చోండి. ఇన్ని వేలమందిమి ఆ నీరు తాగుతున్నాం. పౌరాణిక నాటకానికి వచ్చినంతమంది ఆ సభకు వస్తే, అధికారులు మన మాట తప్పక వింటారు. లారీ కిరాయిలో కంపెనీ వాటా ఎంత, ప్రభుత్వం వాటా ఎంత అన్న ప్రశ్న అక్కడ అడగండి. అది చివరకు మన కోడికూర ధరలో నాలుగు సెంట్లు పెంచితే, సణగకుండా ఇవ్వండి. చౌకగా కొన్న కోడికి మిగతా ధర మన పిల్లలు నీళ్ళలో చెల్లించకూడదు గదా.

కోడి తినడం మానమని మేము చెప్పలేదు. తినేవారు తినవచ్చు, మానేవారు మానవచ్చు. అది ఎవరింటి ఆచారం వారిది. మేము కోరేదల్లా ఒకటే. పాడిపంటలు అనే మాట మన పిల్లలకు నేర్పేటప్పుడు, అది జంట పదమని, ఆ జంటను విడదీస్తే నేలకూ నీటికీ నష్టమని కూడా నేర్పుదాం. అట్లాగే పెంట అనే మాట తిట్టు కాదని చెబుదాం. ఎక్కడ వుండవలసింది అక్కడ వుంటే అది ఎరువు. చోటు తప్పితేనే మురికి.

వంటల వాసన వస్తున్నది. ఇక మిమ్మల్ని ఆపడం భావ్యం కాదు.